పాసైన బిడ్డకు స్కాలర్‌షిప్ ఎందుకు రాలేదు?

ప్రభుత్వ, ఎయిడెడ్ బడులలో ఎనిమిదో తరగతి చదివే మన బిడ్డలకు ఎన్.ఎం.ఎం.ఎస్. అనే పరీక్ష ఒకటుంది. కేంద్ర ప్రభుత్వం 2008లో మొదలుపెట్టిన ఈ స్కాలర్‌షిప్ 2017 నుండి ఏడాదికి 12,000 రూపాయలు. తొమ్మిదో తరగతి నుండి ఇంటర్ ముగిసేవరకు 48,000 అన్నమాట. దివిసీమలో కౌలుకు చేసుకునే ఇంట్లోనైనా, కైకలూరు చెరువుల మీద కూలికెళ్లే ఇంట్లోనైనా, ఆడపిల్లను కాలేజీకి పంపడమా మాన్పించడమా అనేది ఈ సొమ్మే తేలుస్తుంది.

ఫలితాలు వచ్చాక తల్లులు మమ్మల్ని అడిగేది ఒకటే. “అయ్యగారూ, మావాడికి 80 మార్కులొచ్చాయి, పాసే అన్నారు. మరి లిస్టులో పేరు లేదేంటండీ?”

పరీక్ష 180 మార్కులకు. అర్హతకు 40 శాతం, అంటే 72 రావాలి. ఎస్సీ, ఎస్టీలకు 32 శాతం చాలు. (బి.సి.-సి సర్టిఫికెట్ ఉన్న మన బిడ్డలకు 40 శాతమే లెక్క.) పదో తరగతిలో 35 వస్తే పాసు, పక్కవాడికెన్ని వచ్చినా మనవాడి పాసు ఎక్కడికీ పోదు. ఇక్కడ అలా కాదు. దేశమంతటికీ ఏటా లక్ష స్కాలర్‌షిప్‌లే. మన రాష్ట్రపు వాటాను జిల్లాలకు పంచి, ఎక్కువ మార్కులవారి నుండి కిందికి ఇచ్చుకుంటూ వస్తారు. అవి అయిపోయినచోట ఆగుతారు. 80 అర్హతే గాని, ఆ ఏడు ఆ జిల్లాలో చాలకపోవచ్చు.

సగం మార్కులు, 90, తెలివికి పెట్టే పరీక్షకు. మిగతావి లెక్కలు 20, సైన్సు 35, సోషల్ 35. బట్టీ పట్టే బిడ్డ మొదటి సగంలోనే తడబడతాడు. చదువురాని తల్లి కూడా ఇక్కడ సాయపడగలదు. అన్నం పెడుతూ, “మీ నాన్న అక్క కొడుకు మీ తాతకు ఏమవుతాడ్రా?” అని అడిగితే చాలు, అలాంటి ప్రశ్నలే పేపర్లో వస్తాయి. మూడు గంటలలో 180 ప్రశ్నలు, నిమిషానికొకటి. తప్పు రాస్తే మార్కులు తగ్గించరు గనుక ఒక్కటీ ఖాళీగా వదలవద్దని చెప్పండి. 2024లో ఈ పరీక్ష డిసెంబరు 8, ఆదివారం జరిగింది. ఆ ఒక్క ఆదివారం సండేస్కూలుకు రాలేదని మేము అడగం.

కుటుంబ ఆదాయం ఏడాదికి మూడున్నర లక్షలు దాటకూడదు. ఎంపికైనవారు జాతీయ స్కాలర్‌షిప్ పోర్టల్‌లో నమోదై, ఏటా రెన్యువల్ చేయించుకోవాలి. బడి రిజిస్టరులో ఇంట్లో పిలిచే పేరు, ఆధార్‌లో బాప్తిస్మపు పేరు ఉన్న బిడ్డలు మన సంఘాలలో తక్కువేమీ కాదు. దరఖాస్తుకు ముందే హెడ్మాస్టరుగారి దగ్గరకు రెండు కాగితాలూ పట్టుకెళ్లి సరిచూపించండి.