గేదె యెదకాలము నెఱుఁగుట

విత్తుటకుఁ బదును చూచు మనము, గేదె చూడికట్టు నదునును గమనింపకుండుట విచారకరము. నందిగామ, జగ్గయ్యపేట మెట్టలలో మిరప, ప్రత్తి చెడిన యేఁడు కుటుంబమును నిలుపునది పాడియే.

గేదె సుమారు 21 దినముల కొకసారి యెదకు వచ్చును. అది యొక దినమునకు మించి నిలుచుట యరుదు. ఒక యెద తప్పినచో తరువాతి యీఁత 21 దినములు వెనుకఁబడును. మేఁత వ్యయము మాత్రము తఱుగదు.

ఆవువలె గేదె యెదను బాహాటముగఁ జూపదు. వేసవిలో మూగయెద మెండు. నీడయు, నీళ్లు చల్లుటయు, పచ్చిమేఁతయు మేలుచేయును. వేకువను, ప్రొద్దుగ్రుంకిన పిదపను కొట్టమునకుఁ బోయి చూడవలెను. స్వచ్ఛమైన జిగట తీగలు, మానము వాచుట, మాటిమాటికి మూత్రము పోయుట, అఱచుట, పాలు తగ్గుట గుఱుతులు.

ఎద లక్షణము లణఁగిన కొన్ని గంటలకుఁ గాని యండము విడుదల కాదు. కావున ఉదయము యెద కనఁబడినచో సాయంకాలమును, సాయంకాలము కనఁబడినచో మఱునాఁటి యుదయమును దున్నచే దాఁటించుట గాని, కృత్రిమ గర్భోత్పాదన గాని జరుపవలెను. తొందరపడినను, జాగుచేసినను ఫలము తఱుగును.

ఆ తేదీని పంచాంగముపై వ్రాసికొని, 21వ దినమున మరలఁ జూడుఁడు. ఎద రాకున్నంతనే చూడి యని నమ్మక, 60 మొదలు 90 దినములలోఁ బశువైద్యునిచేఁ బరీక్షింపఁజేయుఁడు. చూడికాలము సుమారు 310 దినములు; ఈనిన 90 దినములలోఁ జూడికట్టినచో 13 నెలల కొక యీఁత దక్కును.

గొడ్డుగేదె యని సంతకుఁ దోలుటకు ముందు ఈ 21 దినముల లెక్కను సరిచూచికొనుఁడు.