ఇంటి కథలు వ్రాసిన చక్రపాణిగారు

గుండమ్మ యను పేరు విన్నంతనే పెదవులపై నవ్వు మొలవని తెలుగిల్లాలు అరుదని మేము తలంతుము. నోటిదురుసు, సవతి కూతురిపై చిన్నచూపు, ఆ మాటున ఒకవిధమగు అమాయకత్వము గల అట్టి యామె మన వీధిలో నెవరో యొకరు ఉండియే యుందురు. సూర్యకాంతమ్మగారు ఆమెకు ప్రాణము పోసిరి. ఆ కథను తీర్చి తెరకెక్కించిన చక్రపాణిగారిని గూర్చి మాత్రము మన సోదరీమణులు అంతగా ఎరుగరు.

వారి అసలు పేరు ఆలూరి వెంకట సుబ్బారావు. 1908లో తెనాలిలో జన్మించిరి. యౌవనమున క్షయవ్యాధి సోకగా మదనపల్లె ఆరోగ్యశాలలో నుండవలసి వచ్చినది. ఆ దినములలో క్షయ యనిన యేమో మన పెద్దలనడిగిన తెలియును. అట్టిచోట వారు బంగాళీభాష నేర్చిరి! ఆపైన శరత్ బాబు నవలలను తెనిగించిరి. శరత్ బాబు తెలుగువాడే యని భ్రమించినవారు గలరు. 1941లో ‘ధర్మపత్ని’కి మాటలు వ్రాసి చిత్రసీమలో ప్రవేశించిరి. 1947లో నాగిరెడ్డిగారితో కలిసి ‘చందమామ’ను ప్రారంభించిరి, విజయా సంస్థ యందును వారిరువురే భాగస్థులు.

1950 నాటి ‘షావుకారు’లో ఇరుగుపొరుగు కుటుంబముల నడుమ వైరము రగిలి, పెండ్లి కావలసిన పిల్ల సుబ్బులు నలిగిపోవును. 1952లో ‘పెళ్ళిచేసిచూడు’ వచ్చినది. కట్నము ముట్టలేదని పీటలమీది పెండ్లిని మామగారు కాదనును. వరుడు పిచ్చివానివలె నటింపగా, వధువు నర్సు వేషమున అత్తవారింట ప్రవేశించును. ప్రేక్షకులు కడుపుబ్బ నవ్విరి. కట్నము వంటి ప్రాణాంతకమగు సంగతి నవ్వులాటయా యని మాకు మొదట తోచినది. కాని ఆ నవ్వు పెండ్లికూతురిని జూచి గాదు, కట్నమడుగు పెద్దమనిషిని జూచి. ఉపన్యాసమునకు చెవియొగ్గని మామగారు కూడ ఆ సభలో కూర్చుండి నవ్వియుందురు.

1955 నాటి ‘మిస్సమ్మ’కు మూలము ఒక బంగాళీ నాటకము. బడిలో పంతులు, పంతులమ్మ ఉద్యోగములు దంపతులకే యిత్తురట. అప్పు తీర్చవలసిన మేరీ, పొట్ట గడువని యువకుడు ఆలుమగలమని బొంకి అప్పాపురము చేరుదురు. ఈ కథలో దుష్టుడని చెప్పదగినవాడు దాదాపు లేడు. బొంకు ఒక్కటియే ఇంటినంతను ఆడించును. మేరీ వేషమున మొదట భానుమతిగారితో కొంత చిత్రించి, పిదప దానిని సావిత్రికిచ్చిరి. సావిత్రికై యుంచిన వేషము జమునకు దక్కినది.

ఒక్క వెలితి చెప్పక తప్పదు. ‘పెళ్ళిచేసిచూడు’లో మారువేషము వేసినవారిలో ఆడుదియు గలదు. పది సంవత్సరములకు వచ్చిన ‘గుండమ్మకథ’లో మాత్రము మారువేషములు మగవారివి, గుణపాఠములు ఆడువారికి. లక్ష్మి ఓర్పును మెచ్చుకొనుచునే, ఆమె ఒక్కమారైన ఎదురుపలికిన బాగుండునని మేము ప్రతిసారి అనుకొందుము. ఇంట మా అత్తగారికి ఈ యభిప్రాయము నచ్చలేదు!

ఐనను గుండమ్మను మలచిన నేర్పు గొప్పది. దీనికి ఆధారము విఠలాచార్యగారి కన్నడ చిత్రము ‘మనె తుంబిద హెణ్ణు’. మాటలు డి.వి. నరసరాజుగారివి. మూలమున గుండమ్మకు నోరులేని భర్త గలడు. చక్రపాణిగారు ఆ భర్తను తొలగించి, ఆమెను వితంతువును జేసిరి. భర్త యున్నచో జూచువారి జాలి యంతయు అతనిపైకే పోయెడిది. ఇపుడు తాళపుచెవులు, పెత్తనము, ఒంటరితనము అన్నియు గుండమ్మవే. కూతురు ఇల్లు విడిచిన పిమ్మట ఆమె దిక్కులేనిదైనపుడు, అంతవరకు ఆమెను తిట్టుకొన్న మనకే కన్ను చెమర్చును.

చక్రపాణిగారు 1975లో దివంగతులైరి.