గడ్డిత్రాళ్ల వంతెన

దక్షిణ అమెరికాలోని పెరూ దేశమున, కుస్కో నగరమునకు దక్షిణముగా, ఆండీస్ పర్వతములపై కెవే అను చిన్న జిల్లా కలదు. సముద్రమట్టమునకు సుమారు 3,700 మీటర్ల ఎత్తున నున్న ఆ సీమలో చెట్లు అరుదు. ఎటు చూచినను గడ్డియే. జూన్, జూలై మాసములలో పగలు ఎండ కాయును. రాత్రి నీరు గడ్డకట్టును. ఆ చలిని సైతము ఆండీస్ రైతులు తమ పనికి వినియోగించుకొనిరి. బంగాళాదుంపలను రాత్రి మంచులో ఆరవేసి, పగలు కాళ్లతో త్రొక్కి నీరు పిండి, ఎండబెట్టి, ఏండ్ల తరబడి నిలువ చేసికొందురు. ఆ ఎండుదుంపకు చూన్యో అని పేరు.

ఆ సీమలో అపూరిమాక్ నది లోతైన లోయలో ఘోషించుచు పారుచున్నది. అచటివారి క్వెచువా భాషలో ఆ పేరునకు 'పలుకు దేవర' అని అర్థము. ఇంకా ప్రభువుల కాలమున ఇట్టి నదులను దాటుటకు గడ్డిని పేని వంతెనలు కట్టెడివారు. ఆ పద్ధతిని నేటికిని నిలుపుకొన్నది ఇచటి కేస్వాచాకా వంతెన. దాని పొడవు దాదాపు 30 మీటర్లు.

గడ్డిత్రాడు ఎండవానలకు చివుకును. కావున ఏటేట జూన్ మాసమున విన్చిరి, చౌపిబాండా, చొక్కాయ్వా, కొల్యానా కెవే అను నాలుగు గ్రామములవారు కూడి వంతెనను క్రొత్తగా అల్లుదురు. ప్రతి కుటుంబము తన వంతు సన్నత్రాడును తెచ్చును. వానిని పురుషులు మోకులుగా పేనుదురు. కొండదేవరలకును భూమాతకును పూజ జరిపి, పాత వంతెనను కోసి నదిలో విడుతురు. మూడు దినములలో పని ముగియును. నాల్గవ దినము పండుగ. కూలి యను మాట లేదు. 2013లో యునెస్కో ఈ విద్యను మానవజాతి వారసత్వముగా గుర్తించినది.

సమీపమున వాహనములు పోవు వంతెన యున్నను ఈ పని మానలేదు. మానినచో నేమగునో ఒకమారు తెలిసివచ్చినది. 2020లో మహమ్మారి కారణముగా అల్లిక ఆగెను. 2021 మార్చిలో వంతెన తెగి నదిలో కూలెను. పేనుట యెరిగిన చేతులు మిగిలియుండుటచే ఆ జూన్‌లోనే మరల నిలిచినది.

భాష సంగతియు ఇట్టిదే. ఈ పరిసరములలో 1780లో రెండవ తుపాక్ అమారు లేవదీసిన తిరుగుబాటును అణచిన పిదప, 1781లో స్పెయిన్ పాలకులు క్వెచువాను మాన్పింప ఆజ్ఞలిచ్చిరి. అయినను అది ఇండ్లలో బ్రతికినది. 1975లో పెరూ ప్రభుత్వము దానిని అధికారభాషగా అంగీకరించినది. 2017 జనాభా లెక్కలలో సుమారు 38 లక్షల మంది దానిని మాతృభాషగా చెప్పుకొనిరి.

తెలుగువలెనే ఆ భాషలోను వినువానిని కలుపుకొను 'మనము' వేరు, కలుపుకొనని 'మేము' వేరు. మొదటిది న్యొకాంచిస్, రెండవది న్యొకైకు. స్పానిష్ భాషలో ఈ భేదము లేదు. చదువునకును పనికిని నగరములకు పోయి స్పానిష్ మాత్రమే పలుకు బిడ్డలకు ఈ రెండు మాటలును దూరమగును. నాలుగు గ్రామములు కలిసి త్రాడు లాగునపుడు వారికి కావలసినది ఆ మొదటి మాటయే.