పందెపు కారు – కరివర్ధన్ కృషి

ఆత్మకూరు నుండి ఉదయగిరి పోయే బస్సు మలుపు తిరిగినప్పుడు ప్రయాణికులందరూ ఒక ప్రక్కకు ఒరుగుతారు. వరిగడ్డి ఎత్తుగా వేసిన బండి మలుపులో బోల్తా పడవచ్చును. అదే బరువుగల ఇసుక బండి అంత తేలికగా పడదు. పందెపు కారు నిర్మాణానికి ఆధారమైన సూత్రాలు ఈ సామాన్య విషయాలలోనే ఉన్నవి. ఆ సూత్రాలను ఉపయోగించి, మన దేశంలో తక్కువ ఖర్చుతో పందెపు కార్లు తయారు చేసిన మార్గదర్శి సుందరం కరివర్ధన్.

కోయంబత్తూరులో తరతరాలుగా స్థిరపడిన తెలుగు కుటుంబాలు అనేకం. 1910లో కుప్పుస్వామి నాయుడు స్థాపించిన లక్ష్మీ మిల్లుల కుటుంబం వాటిలో ఒకటి. 1954లో జన్మించిన కరివర్ధన్ ఆ కుటుంబానికి చెందినవారు. ఆ రోజుల్లో దక్షిణాదిన మోటారు పందేలకు ముఖ్య కేంద్రం షోలవరం. నెల్లూరు నుండి మద్రాసు పోయే దారిలో, రెండవ ప్రపంచ యుద్ధకాలపు విమానాల బాట మీద ఈ పందేలు జరిగేవి. కరివర్ధన్ అక్కడ కార్లు నడపటంతో తృప్తిపడలేదు. తామే కార్లను రూపొందించసాగారు.

విదేశాల నుండి పందెపు కారు తెప్పించుకొనటం సంపన్నులకే సాధ్యం. 1983 డిసెంబరులో మారుతి 800 కారు మార్కెట్టులోకి వచ్చింది. దాని ఇంజనులో మూడు సిలిండర్లు. మొత్తం ఘనపరిమాణం 796 ఘన సెంటీమీటర్లు. ఈ చిన్న ఇంజనుతోనే కరివర్ధన్ 1980 దశకం చివర ఒంటి సీటు పందెపు కారు నిర్మించారు. అదే ‘ఫార్ములా మారుతి’.

చిన్న ఇంజనుతో పందెం ఎట్లా సాధ్యం? బలాన్ని ద్రవ్యరాశితో భాగిస్తే త్వరణం వస్తుంది. ఇంజను బలం పెరగకపోయినా, బరువు తగ్గితే త్వరణం పెరుగుతుంది. పైకప్పు, తలుపులు, వెనుక సీట్లు లేకపోవటానికి కారణమిదే.

ఇక మలుపు సంగతి. వంపులో తిరిగే వాహనానికి కేంద్రం వైపు అభికేంద్ర బలం కావాలి. దానిని టైర్లకు, నేలకు మధ్యనున్న ఘర్షణ ఇస్తుంది. 50 మీటర్ల వ్యాసార్ధం గల మలుపులో 700 కిలోగ్రాముల కారు గంటకు 36 కిలోమీటర్ల వేగంతో తిరిగితే 1,400 న్యూటన్ల బలం చాలు. వేగం 72 కిలోమీటర్లయితే 5,600 న్యూటన్లు కావాలి. వేగం రెండింతలు, బలం నాలుగింతలు! ఘర్షణ గుణకం 0.7 అనుకొంటే, సమతలమైన రోడ్డు ఇవ్వగలిగినది సుమారు 4,800 న్యూటన్లే. కనుక కారు బయటికి జారిపోతుంది. తడి రోడ్డు మీద అపాయం ఇంకా ఎక్కువ.

జారకపోయినా, గరిమనాభి ఎత్తుగా ఉంటే వాహనం బోల్తాపడే ప్రమాదమున్నది. అందుచేతనే పందెపు కారులో నడిపేవాడు దాదాపు నేలనంటి కూర్చుంటాడు.

1995లో కరివర్ధన్ విమాన ప్రమాదంలో మరణించారు. ఆయన వేసిన బాట మాత్రం మిగిలింది. ఫార్ములా మారుతిలో పందేలు మొదలుపెట్టిన కోయంబత్తూరు యువకుడు నారాయణ్ కార్తికేయన్, 2005లో ఫార్ములా వన్ పందెంలో పాల్గొన్న తొలి భారతీయుడైనాడు. కోయంబత్తూరు సమీపంలోని పందెపు బాటకు ‘కరి మోటార్ స్పీడ్‌వే’ అని పేరు పెట్టారు.

ఉపాధ్యాయులు తరగతిలో ఒక ప్రయోగం చేయించవచ్చును. ఒకే కొలత గల రెండు నిలువు అట్టపెట్టెలు తీసుకొని, ఒకదానికి అడుగున, రెండవదానికి పైభాగాన ఒకే బరువు రాయి కట్టాలి. రెండింటినీ పలక మీద నిలిపి, జారకుండా అడుగున పుల్ల అడ్డుపెట్టి, పలకను మెల్లగా వంచాలి. ఏది ముందు పడుతుందో చూచిన విద్యార్థి, బస్సు పైన ఎక్కి ప్రయాణించటం ఎందుకు అపాయకరమో తానే చెప్పగలడు.