ముప్పాతిక వడ్డీ, ఇరువదియేండ్ల గడువు

నరసరావుపేటలో గాని, మాచర్లలో గాని, గురజాలలో గాని ఇల్లు కట్టుకొన్న గృహస్థుని ఇంటి ఋణముపై వడ్డీ యెంత యని యడిగినచో, సాలుకు నూటికి తొమ్మిది యని యాతడు చెప్పడు. ముప్పాతిక రూపాయి యని చెప్పును. మన పల్నాటి లెక్క యెన్నడును నెలకు నూటికి ఇన్ని రూపాయలనునదియే. ప్రామిసరీ నోటుపై రెండు రూపాయల వడ్డీకి, అవసరము ముంచుకొని వచ్చినపుడు మూడు రూపాయల వడ్డీకి పంట పెట్టుబడి తెచ్చుకొనుట కలవాటుపడినవారికి ముప్పాతిక వడ్డీ యనగా, ధర్మవడ్డీ యనబడు రూపాయి వడ్డీకంటెను చౌక. కావున బ్యాంకువారు చూపినచోట నెల్ల సంతకములు చేసి, దస్తావేజులను వారి చేతిలో నుంచి, సంతోషముతో ఇంటికి వచ్చుచున్నాడు. వడ్డీ చౌక యనుట నిజమే. అప్పు చౌక యనుట మాత్రము విచారింపవలసిన విషయము. నోటుమీది అప్పు పంట రాగానే తీరును, లేదా మూడేండ్లు తిరుగకమునుపే తిరుగవ్రాయబడును. ఇంటి తనఖా యన్ననో, తండ్రి నడివయస్సులో మొదలై కుమారుని వివాహము దాటువరకు సాగును. చౌకయైన వడ్డీ దీర్ఘమైన గడువుతో కూడినపుడు ఏమగునో మన గృహస్థులలో పెక్కురు లెక్కించి చూచుకొన్నట్లు కనబడదు.

పూర్వమున మన ఇండ్లు వేరువిధముగా లేచినవి. ఒక పంటకు పునాది, మరియొక పంటకు గోడలు, మాచర్ల నాపరాళ్లు, పిడుగురాళ్ల సున్నము, చివరకెప్పుడో కప్పు. ఆలస్యమైనను ఇంటిపై పరుల హక్కు లేకుండెడిది. 2022 ఏప్రిల్ 4వ తేదీన పల్నాడు జిల్లా యేర్పడి నరసరావుపేట దానికి ముఖ్యపట్టణమైనది. పిల్లల చదువులకును, కచేరీ పనులకును పట్టణమున ఒక ఇల్లుండవలెనను కోరిక గ్రామములలోని భూవసతి గలవారికిని కలుగుట సహజము. ఆ కోరికను తప్పని మేము చెప్పబోము. పది పంటలు వేచియుండుడని చెప్పుటకును మాకు నోరాడదు, ఏలయన ఆ పది పంటలలో ఇటుక, ఇనుము, స్థలముల వెలలు పెరుగును. అప్పు చేయవలసినదే యైనచో దాని పూర్తి వెలను తెలిసి చేయవలెనని మాత్రమే మా మనవి.

లెక్క చూతము. 25 లక్షల రూపాయలను నూటికి 9 వంతున 20 ఏండ్ల గడువుకు తెచ్చినామనుకొందము. నెలకిస్తు, అనగా జనులు ఈఎమ్‌ఐ యనునది, 22,493 రూపాయలు. మొదటి నెల కిస్తులో 18,750 రూపాయలు వడ్డీకే పోవును. అసలులో తీరునది 3,743 రూపాయలు. మొదటి సంవత్సరమంతయు కలిపి 2 లక్షల 70 వేలు చెల్లించినచో అసలులో 47 వేలైనను పూర్తిగా తగ్గదు. పదియేండ్లు ఒక్క నెలయు తప్పక కట్టినవాడు 27 లక్షలు, అనగా తాను తెచ్చినదానికంటె అధికము, చెల్లించియుండును. అప్పటికిని అతని అప్పు 17 లక్షల 75 వేలు నిలిచియే యుండును. అసలులో సగము తీరుటకు 14 ఏండ్లు పట్టును. ఇరువదియేండ్లకు చెల్లించిన మొత్తము 53 లక్షల 98 వేలు. ఇందులో వడ్డీ 28 లక్షల 98 వేలు.

ఇందు మోసమేమియు లేదు. ఉన్న అసలుపై ఆ నెల వడ్డీని మాత్రమే బ్యాంకు కట్టించుకొనుచున్నది. మొదట అసలు పెద్దది గనుక వడ్డీ పెద్దది, కిస్తు సమానము గనుక అసలునకు చేరునది స్వల్పము. పదియేండ్లు కట్టితిమి గనుక సగము తీరియుండునని యనుకొనువాడు, ఇల్లమ్మవలసి వచ్చిన దినమున బ్యాంకు ఖాతా చూచి నివ్వెరపోవును.

ఇచ్చట ఒక పాత సంగతి జ్ఞప్తికి వచ్చుచున్నది. ఒకేసారి వసూలుచేయు వడ్డీ అసలును మించరాదని మన ధర్మశాస్త్రములు విధించినవి. మనుస్మృతిలో ఈ ద్విగుణ మర్యాద కలదు. గుంటూరు జిల్లాతోపాటు మన సీమ మద్రాసు రాష్ట్రములో నున్న కాలమున, 1938లో చక్రవర్తి రాజగోపాలాచారిగారి మంత్రివర్గము రైతు ఋణ విమోచన చట్టమును చేసినది. 1932 అక్టోబరు 1వ తేదీకి పూర్వపు ఋణముల విషయమున, రైతు అసలు వడ్డీల క్రింద కలిపి అసలునకు రెట్టింపు మొత్తము చెల్లించియున్నచో, ఆ ఋణము సంపూర్ణముగా తీరిపోయినట్లే యని ఆ చట్టము శాసించినది. పైని చెప్పిన ఇంటి ఋణమును ఈ కొలతతో కొలిచినచో, 18 సంవత్సరముల 7 నెలలు కట్టిన గృహస్థుడు రెట్టింపు చెల్లించినవాడగును. అటుపిమ్మట అతడింకను 17 కిస్తులు కట్టవలసియుండును. నేటి బ్యాంకులకు ఆనాటి చట్టమును వర్తింపజేయవలెనని మా వాదము కాదు. నాటి వడ్డీ మీద వడ్డీ పేర్చిన నోటును, నేటి నెలనెల తగ్గు ఋణమును ఒక్కటిగా చూచుట న్యాయము కాదు. అయినను, ముప్పాతిక వడ్డీ సయితము కాలబలముచే రెట్టింపు గీతను దాటునని యిందువలన తేటపడుచున్నది.

బ్యాంకు పక్షమునను ఒక మాట చెప్పవలెను. ఇరువదియేండ్ల పిదపటి రూపాయి నేటి రూపాయి కాదు. ధరలు ఏటా నూటికి 4 వంతున పెరిగినచో, నేటి రూపాయి ఆనాటికి 46 పైసల సరుకు కొనును. నేడు బరువనిపించు 22 వేల కిస్తు పదునైదేండ్ల తరువాత అంత బరువుగా తోచకపోవచ్చును. అప్పు చేయనివాడు అద్దె చెల్లించును, అద్దెయు ఏటేట పెరుగును. కావున 29 లక్షల వడ్డీయు నష్టమేయని గుండెలు బాదుకొనుట అవివేకము. అయితే ఈ ఓదార్పు జీతము ఏటేట పెరుగువానికి చెల్లినంతగా రైతునకు చెల్లదు. మిరప ధర ప్రతి సంవత్సరము పెరుగుచు పోవునని యెవరు హామీ యియ్యగలరు? గుంటూరు యార్డులో ధర కూలిపోగా, 2025 ఫిబ్రవరిలో కేంద్ర ప్రభుత్వము జోక్యము చేసికొని క్వింటాలునకు 11,781 రూపాయల ధరను ప్రకటింపవలసి వచ్చినది. రైతు రాబడి ఇట్లు తగ్గిన యేటను కిస్తు తగ్గదు.

గడువు విషయమున జనులు చేయు పొరపాటే అన్నిటికంటె ఖరీదైనది. నెలకిస్తు తగ్గునని ముప్పది యేండ్ల గడువు కోరుచున్నారు. అదే 25 లక్షలకు ముప్పది యేండ్లకైనచో కిస్తు 20,116 రూపాయలు. నెలకు 2,377 రూపాయలు మిగిలినవని సంతోషము. కాని మొత్తముమీద చెల్లించునది 72 లక్షల 42 వేలు! ఆ చిన్న వెసులుబాటునకు వెల 18 లక్షల 43 వేలు. తద్విరుద్ధముగా గడువును 15 ఏండ్లకు తగ్గించినచో కిస్తు 25,357 రూపాయలగును. నెలకు 2,864 రూపాయలు అధికముగా కట్టినందుకు 8 లక్షల 34 వేలు మిగులును. బ్యాంకునకు పోయినపుడు "నెలకెంత?" అను ప్రశ్న యొక్కటే మన నోట వచ్చుచున్నది. "మొత్తమెంత?" అని యడుగువారరుదు. రిజర్వు బ్యాంకు ఆజ్ఞ ప్రకారము 2024 అక్టోబరు 1వ తేదీనుండి క్రొత్తగా ఋణమిచ్చు ప్రతి సంస్థయు ముఖ్యాంశములతో ఒక పత్రమును ముందుగా ఈయవలెను. వడ్డీయే కాక ఇతర రుసుములన్నియు కలిపిన వార్షిక శాతము, కిస్తుల పట్టిక అందుండును. సంతకమునకు ముందు ఆ పట్టికను ఇంటికి తెచ్చి, చదువుకొన్న పిల్లలచేతనైనను చదివించుకొనవలెను.

వడ్డీ స్థిరమని నమ్ముటయు పొరపాటు. 2019 అక్టోబరు 1వ తేదీ తరువాత బ్యాంకులిచ్చిన ఫ్లోటింగు వడ్డీ ఇంటి ఋణములు బయటి ప్రమాణమునకు, పెక్కుచోట్ల రెపో రేటునకు, ముడివేయబడినవి. 2022 ఏప్రిలులో నూటికి 7 వంతున 25 లక్షలు ఇరువదియేండ్లకు తీసికొన్నవాని సంగతి చూడుడు. కిస్తు 19,382. మరుసటి మాసము 4వ తేదీననే రెపో 4 నుండి 4.40కి పెరిగి, 2023 ఫిబ్రవరి నాటికి 6.50 అయినది. అతని వడ్డీ 9.5కు చేరినది. అప్పటికి అసలులో సుమారు 30 వేలు తీరియుండును, మిగిలినదానిపై నెలవడ్డీయే 19,500 దాటును. అనగా అతని కిస్తు వడ్డీకే చాలదు! ఆ కిస్తుతో గడువును ఎన్ని యేండ్లు పొడిగించినను ఆ ఋణము తీరదు. కిస్తు పెంచినవారికి నొప్పి వెంటనే తెలిసినది. కొంత పూర్వము ఋణము తెచ్చి, కిస్తు మారక గడువు మాత్రము పెరిగినవారికి అదియు తెలియలేదు. అరువది యేండ్లకు ముగియవలసిన అప్పు డెబ్బదికి జరిగిన సంగతి పాసుపుస్తకమున కనబడదు. 2023 ఆగస్టు 18న రిజర్వు బ్యాంకు ఈ విషయమున ఉత్తరువు చేసినది. వడ్డీ మారినపుడు కిస్తు పెంచుకొందురా, గడువు పెంచుకొందురా, రెండును కొంతకొంత పెంచుకొందురా యని ఋణగ్రస్తునే యడుగవలెననియు, మూడు మాసములకొకసారి లెక్క తెలుపవలెననియు దాని సారాంశము. 2025లో రెపో 6.50 నుండి దిగి డిసెంబరునాటికి 5.25 అయినది. వడ్డీ తగ్గినపుడు కిస్తును తగ్గింపవలదని, గడువునే తగ్గింపుడని బ్యాంకునకు వ్రాసి యిచ్చుట మేలు.

మన రైతు గృహస్థులకు ఇంకొక చిక్కు కలదు. రైత్వారీ శిస్తునకైనను పంటకాలమును చూచి కిస్తుబందీ యేర్పరచెడివారు. బ్యాంకు కిస్తు మాత్రము పంట చేలోనున్నను, కోల్డుస్టోరేజిలోనున్నను ప్రతి నెల యొక్కటే తేదీన రావలెను. పంట డబ్బు వచ్చునది సంవత్సరమునకొక్కసారి. ఈ వ్యత్యాసమును మనకు అనుకూలముగ మార్చుకొనుట కూడ సాధ్యమే. ఫ్లోటింగు వడ్డీపై వ్యక్తులు తీసికొన్న ఇంటి ఋణములను ముందుగా చెల్లించినచో బ్యాంకులు దండుగ వసూలు చేయరాదని 2012 నుండియు నిబంధన యున్నది. మిరపయో ప్రత్తియో అమ్మిన నెలలో ఒక కిస్తుకు సమానమైన సొమ్మును అదనముగ అసలునకు జమకట్టించినచో, ప్రతి యేడును అట్లు చేసినచో, ఇరువదియేండ్ల ఋణము పదునారున్నర యేండ్లకు తీరును. జమ కట్టునపుడు అది అసలునకే చేర్చవలెనని స్పష్టముగ చెప్పవలెను, లేనిచో రాబోవు కిస్తుల క్రింద నిలిచిపోవచ్చును. మొదటి యేండ్లలో కట్టినదానికి ఫలమెక్కువ, చివర కట్టినదానికి తక్కువ.

వేతనపత్రములు లేనివారికి బ్యాంకు ద్వారములు సులభముగ తెరువబడవు. అట్టివారు గృహఋణ కంపెనీల నాశ్రయించి 12, 13 శాతములకు తెచ్చుచున్నారు. 13 శాతమున ఇరువదియేండ్లకు లక్షకు 2 లక్షల 81 వేలు చెల్లించవలెను. ఇంటి ఋణముతోపాటు భీమా పాలసీని అంటగట్టి దాని ప్రీమియమును అసలులో కలుపుటయు కలదు. లక్ష రూపాయల ప్రీమియమును 9 శాతపు ఋణమున కలిపినచో దానికి కట్టునది 2 లక్షల 16 వేలు. కుటుంబ పెద్దకు భీమా అవసరమే, కాని దానిని చేతి డబ్బుతో వేరుగా కొనవచ్చును. వడ్డీపై ఆదాయపు పన్ను మినహాయింపు దొరకునని చెప్పి ఊరించువారును కలరు. పాత పద్ధతిలో స్వంత నివాసమునకు ఏటా 2 లక్షల వరకు అది కలదు, క్రొత్త పద్ధతిలో లేదు. వ్యవసాయాదాయమునకు ఆదాయపు పన్నే లేదు గనుక, అదియే జీవనాధారమైన రైతునకు ఈ ప్రలోభముతో పనిలేదు.

ఇక కట్టలేకపోయిన నాటి సంగతి. కోర్టు దావా, డిక్రీ, అమీనా యని మన పెద్దలెరిగిన పద్ధతి యిపుడు ఇంటి తనఖాకు లేదు. 2002 నాటి సర్ఫేసీ చట్టము ప్రకారము, 90 దినములు బాకీపడిన ఖాతాను మొండిబాకీగా లెక్కించి, 60 దినముల నోటీసిచ్చి, కోర్టు డిక్రీ లేకయే ఇంటిని స్వాధీనపరచుకొని వేలము వేయు అధికారము ఋణదాతకు కలదు. వ్యవసాయ భూమిని ఆ చట్టము మినహాయించినది, ఇంటిని మినహాయింపలేదు. పొలమును ముట్టుకొనక ఇంటినే కుదువబెట్టితిమి, భయము లేదని తలచు భూస్వామి ఈ భేదమును గమనింపవలెను.

అప్పు తీరిన తరువాతను పని మిగిలియుండును. కోడిపందెమున ఓడిన మాచర్లవారు ఏడేండ్లు రాజ్యము విడిచి పోయినారనియు, గడువు తీరినను గురజాలవారు రాజ్యమును మరల ఈయనందుననే కారంపూడి రణరంగమైనదనియు పల్నాటి కథ. తనఖా గడువు తీరిన పిదప దస్తావేజులకై నెలల తరబడి తిరిగినవారిని మేమెరుగుదుము. 2023 డిసెంబరు 1వ తేదీనుండి ఈ విషయమున నిబంధన వచ్చినది. ఋణము తీరిన 30 దినములలో మూలదస్తావేజులను తిరిగి యిచ్చి, రిజిస్టరైన తనఖాను తొలగింపవలెను. తమ తప్పుచే ఆలస్యము చేసినచో దినమునకు 5,000 రూపాయల వంతున ఋణగ్రస్తునకు చెల్లింపవలెను. దస్తావేజులు చేతికి వచ్చిన వెంటనే సబు రిజిస్ట్రారు కచేరీలో ఈసీ తీయించి, తనఖా విడుదల అందు నమోదైనదో లేదో చూచుకొనవలెను. నమోదు కానిచో బ్యాంకునుండి తనఖా విడుదల పత్రమును పొంది, కచేరీలో నమోదు చేయించి, మరల ఈసీ తీయించుకొనవలెను.