కాలకేయుల భాష ఉత్త అరుపులేనా?

2015లో ‘బాహుబలి’ చూసొచ్చాక మీ క్లాసులో ఎవరో ఒకరు కాలకేయుల నాయకుడిలా నాలుక టక్‌మనిపించే ఉంటారు. మా బీటెక్ బ్యాచ్‌లో అది నేనే. నోటికొచ్చిన అరుపులే అనుకున్నా అప్పట్లో. కాదండీ బాబూ, అది కిలికి అనే భాష. తయారు చేసింది తమిళ పాటల రచయిత మదన్ కార్కీ. ఆయన కంప్యూటర్ సైన్స్‌లో పీహెచ్‌డీ కూడా. సుమారు 750 పదాలు, 40 వ్యాకరణ సూత్రాలు పెట్టారు.

నాకు బాగా నచ్చింది చెప్తా. ‘మిన్’ అంటే నేను. దాన్ని వెనక్కి తిప్పి పలకండి, ‘నిమ్’. అంటే నువ్వు! స్ట్రింగ్ రివర్స్ ప్రోగ్రామ్ గుర్తొచ్చిందా?

ఒక్కటే నాకు గుచ్చుకుంటుంది. అలాంటి ‘టక్’ శబ్దాలు దక్షిణాఫ్రికాలోని ఖోసా భాషలో మామూలు హల్లులు. నెల్సన్ మండేలా మాతృభాష అదే. మనకేమో ఆ శబ్దం వినగానే విలనే గుర్తొస్తాడు. మిరియం మకేబా పాడిన ‘క్లిక్ సాంగ్’ యూట్యూబ్‌లో ఉంటుంది, వినండి. అన్నీ ఆ టక్ టక్‌లే. అక్కడ దాన్ని పెళ్లిళ్లలో పాడుకుంటారు.