పొరుగువాడి అవసరం

శ్రీశైలం వెనుక జలాల్లోంచి మాల్యాల దగ్గర ఎత్తిపోసిన కృష్ణా నీళ్లు పంపు తర్వాత పంపు ఎక్కుతూ బెళుగుప్ప మండలం జీడిపల్లి రిజర్వాయరుకు చేరతాయి. హంద్రీ–నీవా మొదటి దశ అక్కడితో ఆఖరు. రెండో దశ కాలువ అక్కడి నుంచే దక్షిణానికి సాగి, పెనుకొండ దగ్గర గొల్లపల్లి రిజర్వాయరును నింపుతుంది. గొల్లపల్లి నీళ్లు ఎర్రమంచిలోని కియా కార్ల ఫ్యాక్టరీకి పోతాయి. శెనక్కాయ చేనుకు తడి అందని ఊళ్ల పక్కనుంచే కొరియా కంపెనీకి నీళ్లు పోతున్నాయే అని ఒకరికి కడుపుమంట. రాళ్లూ రప్పలూ తప్ప ఏమీ లేనిచోట పిల్లలకు ఉద్యోగాలు వచ్చాయి కదా అని ఇంకొకరికి తృప్తి. ఇద్దరి మాటా కొట్టేయలేం.

అంతదూరం నుంచి వచ్చిన ఆ కొరియా కూడా మన రాయలసీమలాగే బలవంతుల మధ్య నలిగిన నేల. ఒకవైపు చైనా, ఇంకోవైపు జపాన్, ఉత్తరాన మంచూరియా, ఆ తర్వాత రష్యా. తిమింగలాల పోట్లాటలో రొయ్య నడుం విరిగిందని వాళ్ల సామెత. ఆబోతులు కుమ్ముకుంటే లేగల కాళ్లు విరిగాయని మనం అనేదీ అదే. అయితే ఈ సామెతలు సగమే చెబుతాయి. ఏ ఆబోతుకు ఏం కావాలన్నదాన్ని బట్టే లేగ బతుకో చావో తేలుతుంది. అందుకు రెండు కోటల ముట్టడులే సాక్ష్యం.

మొదటిది సియోల్ దగ్గరి కొండకోట నామ్‌హన్‌సాన్‌సాంగ్. 1636 చలికాలంలో మంచూల చింగ్ చక్రవర్తి హోంగ్ తైజీ సేనలతో వచ్చి పడ్డాడు. రాజు ఇంజో ఆ కోటలో తలదాచుకున్నాడు. బయట మంచు, లోపల తరిగిపోతున్న ధాన్యం. సంధి చేసుకుందామని మంత్రి చ్వే మ్యోంగ్‌గిల్ లేఖ రాస్తే, ప్రాణం పోయినా లొంగరాదని కిమ్ సాంగ్‌హోన్ దాన్ని చింపేశాడట. చ్వే కిందకు వంగి ఆ ముక్కలన్నీ ఏరి, మళ్లీ అతికించాడట. చింపేవాడూ కావాలి, అతికించేవాడూ కావాలి అని కొరియా వాళ్లు ఇద్దరినీ గౌరవిస్తారు. నా ఓటు మాత్రం అతికించినవాడికే. 1637 మొదట్లో రాజు కోట దిగి, సామ్‌జోన్‌దో రేవు దగ్గర చింగ్ చక్రవర్తి ముందు మూడుసార్లు మోకరిల్లి, తొమ్మిదిసార్లు నేలకు నుదురు ఆనించాడు. ఇద్దరు కొడుకులను బందీలుగా పంపాడు. ఆ అవమానానికి గుర్తుగా చింగ్ వాళ్లు పట్టుబట్టి వేయించిన శిలాశాసనం ఇప్పటికీ సియోల్‌లో ఉంది. ఇంత జరిగినా రాజ్యం మిగిలింది. 1392లో మొదలైన ఆ వంశం 1910 దాకా సింహాసనం మీదే ఉంది.

రెండోది మన గుత్తి. మరాఠా సేనాని మురారిరావు ఘోర్పడే ఆ కొండ మీద కూర్చుని అటు నిజాంతో, ఇటు ఇంగ్లీషువాళ్లతో, ఇంకోపక్క పీష్వాతో బేరాలాడిన ఘటికుడు. ఎవరు గెలిచే సూచన ఉంటే వాళ్ల వైపు సైన్యం తిప్పేవాడు. 1775–76లో మైసూరు పాలకుడు హైదరాలీ కోటను చుట్టుముట్టాడు. అప్పుడు జరిగిన ఒక ముచ్చటను మైసూరు చరిత్రకారుడు మార్క్ విల్క్స్ రాశాడు. కప్పం ఇచ్చేందుకు ఒప్పందం కుదిరింది. కొంత ముట్టింది, మిగతాదానికి హామీగా కోటలోంచి ఒక యువకుణ్ణి పంపారు. హైదరు మనుషులు అతనికి బాగా మర్యాద చేసి మాటల్లో పెట్టారు. కోటలో ఇంక మూడు రోజులకే నీళ్లున్నాయని కుర్రవాడు నోరు జారాడు. హైదరు ఏదో వంక పెట్టి ఒప్పందాన్ని పక్కకు నెట్టి ముట్టడి బిగించాడు. గుత్తి లొంగింది. మురారిరావును కబ్బాళదుర్గానికి పంపితే అక్కడే చనిపోయాడు. కరువు నేలలో నీళ్ల లెక్క పగవాడి చెవిన పడడం కంటే పెద్ద ఓటమి ఉండదు.

ఇద్దరూ లొంగినవాళ్లే. ఒకరి రాజ్యం నిలిచింది, ఇంకొకరిది నిలవలేదు. చింగ్‌వాళ్ల అసలు గురి మింగ్ చైనా మీద. కొరియా తమ వెన్ను పొడవకుండా ఉంటే చాలు, దాన్ని ఏలాలన్న అక్కర వాళ్లకు లేదు. హైదరుకు గుత్తి నేలే కావాలి. అంతకు ముందు, 1592లో జపాన్ నుంచి దండెత్తిన హిదెయోషీకి కావలసింది చైనాకు దారి. దారి ఇవ్వనందుకు కొరియా ఆరేడేళ్లు తగలబడింది. నౌకాసేనాని యీ సున్‌సిన్ సముద్రంలో జపాన్ ఓడలను ముంచకపోయినా, మింగ్ సైన్యం సాయం రాకపోయినా కథ అప్పుడే ముగిసేది. 1910 నాటి జపాన్‌కు మాత్రం నేల మొత్తం కావాలి. చైనాను 1895లో, రష్యాను 1905లో ఓడించాక దానికి అడ్డుచెప్పే ఇంకో ఆబోతు లేదు. కొరియాను నిలువునా మింగేసింది.

మన సంగతి ఇంకో రకం. 1792లోనూ 1799లోనూ టిప్పు పోగొట్టుకున్న నేలలో తన వాటాకు వచ్చిన ఈ ప్రాంతాలను నిజాం 1800 అక్టోబరు 12న ఈస్టిండియా కంపెనీకి అప్పజెప్పాడు. తన దగ్గర ఉంచుకున్న ఇంగ్లీషు పటాలాల ఖర్చుకు అది చెల్లు. మీసాలు మెలేసిన పాళెగాళ్లు ఎనభై మంది దాకా ఉన్నారు గానీ, ఒకరి మాట ఒకరు వినరు. ఎవరి దారి వాళ్లది. పెద్ద కలెక్టరుగా వచ్చిన థామస్ మన్రో ఏడేళ్లలో వాళ్ల అధికారం ఊడబెరికాడు. దత్తమండలాలన్న పేరే మనకు మిగిలింది. ఇచ్చిన నిజాం గానీ పుచ్చుకున్న కంపెనీ గానీ రాయదుర్గంలోనో కుందుర్పిలోనో ఎవరినీ అడగలేదు.

కొరియానూ ఎవరూ అడగలేదు. 1945 ఆగస్టులో ఒక రాత్రి ఇద్దరు అమెరికా అధికారులు పటం ముందేసుకుని 38వ అక్షాంశం దగ్గర గీత గీశారు. పై సగం సోవియట్‌కు, కింది సగం అమెరికాకు. ఆ గీత మీద మూడేళ్లు యుద్ధం సాగి 1953 జులై 27న కాల్పులు ఆగాయి. అదే ఏడాది అక్టోబరు 1న మనకూ ఒక గీత పడింది. ఆంధ్ర రాష్ట్రం పుట్టిన రోజున బళ్ళారి మైసూరుకు పోయింది, రాయదుర్గం, ఆలూరు, ఆదోని ఇటు వచ్చాయి. యుద్ధం జరగలేదు, అంత పోలిక తేకూడదు. కానీ తుంగభద్ర డ్యాం గీతకు అవతల ఉండిపోయింది. 2024 ఆగస్టులో అక్కడ 19వ గేటు కొట్టుకుపోయినప్పుడు కణేకల్లు, ఉరవకొండ వైపు హెచ్చెల్సీ (తుంగభద్ర ఎగువ కాలువ) రైతుకు నిద్ర పట్టలేదు.

గీత పడ్డాక దక్షిణ కొరియా ఊరికే కూర్చోలేదు. బలవంతుడికి తనతో ఏం అవసరమో పసిగట్టి, దానికి ధర కట్టడం నేర్చుకుంది. అమెరికాకు ఆసియాలో కాపలా కావాలి. బదులుగా సాయమూ సరుకులకు మార్కెట్టూ రాబట్టుకుంది. 1965లో జపాన్‌తో సంబంధాలు కలుపుకుని డబ్బు, అప్పు, పరిజ్ఞానం తెచ్చుకుంది. ఆ ఒప్పందంపై సియోల్ వీధుల్లో విద్యార్థులు తిరగబడ్డారు. వాళ్ల కోపంలో న్యాయం ఉంది. ఉక్కు, ఓడలు, కార్లు కూడా ఆ దారినే వచ్చాయి.

ఇప్పుడు పెనుకొండలో కొరియాయే బలవంతుడు, మనం లేగలం. తళ్లికోట యుద్ధంలో ఓడాక విజయనగర ప్రభువులు తలదాచుకున్న ఊరి పక్కన 2019లో కార్లు బయటికి రావడం మొదలైంది. కంపెనీకి నేల, నీళ్లు, మనుషులు, చెన్నై రేవుకు రోడ్డు కావాలి. పరిశ్రమల్లో స్థానికులకు 75 శాతం ఉద్యోగాలు ఇవ్వాలని ఆ ఏడాదే రాష్ట్రం చట్టం చేసింది. ఆ చట్టం కాగితం దాటి ఎంత అమలైందో, గొల్లపల్లికి పోయే నీటిలో జీడిపల్లి చుట్టుపక్కల చెరువులకు ఎంత విడుస్తున్నారో అడగవలసింది మనమే. బెళుగుప్ప గ్రామసభలో ఆ రెండు లెక్కలూ చదివి వినిపించమని ఈసారి అధికారులను అడగండి.